22 ఏళ్ళు పొదుపు గ్రూపు లీడరుగా ఉన్న మా అమ్మ "ఇక్కడ నేనెవర్ని?" అంటోంది. ఒక సంఘం మనిషిని అంతగా మారుస్తుందా?

అమ్మా, మీ ప్రశ్న రెండుసార్లు చదివాను. నాకు అర్థమైనది ఇది. మీ అమ్మగారికి 58 ఏళ్ళు, ఊరు ప్రకాశం జిల్లాలో పల్లె. 22 ఏళ్ళు పొదుపు గ్రూపు లీడరు, మధ్యలో కొన్నేళ్ళు ఊళ్ళోని గ్రూపులన్నీ కలిసే గ్రామ సంఘానికి అధ్యక్షురాలు. నిరుడు గ్రూపులో లీడర్లను మార్చారు. నాన్నగారు పోయి రెండేళ్ళయింది. ఒంటరిగా ఎందుకని మీరు హైదరాబాద్ తెచ్చుకున్నారు. ఇంట్లో ఏ లోటూ లేకపోయినా ఆమె ముభావంగా ఉంటున్నారు, "ఇక్కడ నేనెవర్నే?" అంటున్నారు. ఇది డిప్రెషనా, పదవి పోయిన బాధా, పది మంది ఆడవాళ్ళు కూర్చుని డబ్బులు దాచుకునే గ్రూపు ఒక మనిషిని ఇంతగా పట్టేస్తుందా అని అడిగారు.

పట్టేస్తుంది. నేను చూసినంతలో, ఆ తరం ఆడవాళ్ళకు కుటుంబం, కులం, ఊరు కలిసి ఇచ్చిన గుర్తింపు ఒకటైతే, గ్రూపు ఇచ్చింది ఇంకొకటి. ఈ రెండోదాన్ని వాళ్ళు చేతులారా సంపాదించుకున్నారు. మీ అమ్మగారికి ఇప్పుడు దూరమైంది అదే. ఆమెకు విశ్రాంతి కంటే ముందు ఒక పని కావాలి. ఆమెను పేరుపెట్టి పిలిచే చోటు ఒకటి కావాలి.

డిప్రెషన్ సంగతి మాత్రం తేలిగ్గా తీసుకోవద్దు. తోడు పోయిన మనిషి. నిద్ర, తిండి రెండు వారాలకు పైగా సరిగా లేకపోతే, దేనిమీదా ఆసక్తి లేకపోతే డాక్టరుకు చూపించండి. నేను రాసేదేదీ దానికి బదులు కాదు.

నేను 90ల మొదట్లో నెల్లూరు జిల్లాలో అక్షరదీపం అనే అక్షరాస్యత కార్యక్రమంలో రాత్రిబడి వాలంటీరుగా మొదలుపెట్టాను. తర్వాత పొదుపు గ్రూపులు, ఆ గ్రూపుల కోసం వచ్చిన ప్రభుత్వ పథకాలు వెలుగు, ఐకేపీ (ఇందిర క్రాంతి పథం). సీసీగా, అంటే గ్రూపుల్ని చూసుకునే కోఆర్డినేటరుగా నెల్లూరు, ప్రకాశం పల్లెలు ఎన్ని తిరిగానో లెక్కలేదు. పుస్తకాల్లో చదివిన సంగతులు నాకు తక్కువ, చూసినవే రాస్తున్నాను.

పేరు దగ్గర మొదలుపెడతాను

మన పల్లెల్లో పెళ్ళయి వచ్చిన అమ్మాయి పేరు ఊళ్ళో ఎవరూ వాడరు. పుట్టింటి ఊరిని బట్టి "కలిగిరామె" అంటారు, "కందుకూరామె" అంటారు. బిడ్డ పుట్టాక "సీనుగాడి అమ్మ". ఇంటాయన కేకేస్తే "ఒసేయ్", అత్తగారు పిలిస్తే "అమ్మాయ్". అసలు పేరు రేషన్ కార్డులో, ఓటరు జాబితాలో ఉంటుంది. అది కూడా ఐదేళ్ళకోసారి పోలింగ్ బూత్‌లో ఎవరో గబగబా చదివేస్తారు.

కొత్త గ్రూపు కట్టేటప్పుడు నేను చేసే మొదటి పని పేర్లు రాసుకోవడం. "నీ పేరేంటమ్మా?" అంటే ఒక క్షణం ఆగేవాళ్ళు. చాలామంది సిగ్గుపడి పక్కామె వైపు చూసేవాళ్ళు. ఒకామె "పెద్దోడి పెళ్ళామని రాసుకోమ్మా, అందరికీ తెలుసు" అంది. తర్వాత భర్త పేరు. మొగుడి పేరు నోటితో చెప్పకూడదు కదా, పక్కామెను మోచేత్తో పొడిచి "నువ్వు చెప్పు" అనేవాళ్ళు. "తిరపతి కొండమీద ఉండే ఆయన" అంటే వెంకటేశ్వర్లు అని నేనే రాసుకోవాలి.

ఆ తర్వాత ప్రతి మీటింగులో హాజరు పిలుస్తాం. పుస్తకం రాసే అమ్మాయి పేరు చదువుతుంది, ఆమె "ఉన్నా" అంటుంది. ఆ రెండు అక్షరాల మాట మీకూ నాకూ ఏమీ కాకపోవచ్చు. పెళ్ళయిన పద్దెనిమిదేళ్ళకు తన పేరు నలుగురిలో గట్టిగా వినపడి, దానికి తాను బదులు పలికిన మనిషికి అది చిన్న సంగతి కాదు. నెలనెలా, ఏళ్ళ తరబడి అలా పలికితే ఆ పేరు ఆమెదవుతుంది. కొన్నాళ్ళకు ఊళ్ళో కూడా "లీడరు సుబ్బమ్మ" అనడం మొదలవుతుంది. కలిగిరామె వెనక్కి వెళ్ళిపోతుంది.

ఇప్పుడు మీ అపార్ట్‌మెంట్‌లో మీ అమ్మగారిని ఏమని పిలుస్తున్నారో ఒకసారి గమనించండి. "302 వాళ్ళ అమ్మ" అనే అయ్యుంటుంది. అంటే ఆమె ముప్ఫై ఏళ్ళు వెనక్కి, సీనుగాడి అమ్మ దగ్గరికి వచ్చేసింది. "ఇక్కడ నేనెవర్నే?" అన్న మాట ఊరికే రాలేదని నా నమ్మకం.

ఉపన్యాసాలతో ఎవరూ మారలేదు

గ్రూపులకు పంచసూత్రాలని ఐదు చెప్పేవాళ్ళం. క్రమం తప్పని మీటింగు, పొదుపు, లోపల్లోపలే అప్పు ఇచ్చుకోవడం, కిస్తీ సమయానికి కట్టడం, పుస్తకాలు రాయడం. బ్యాంకువాళ్ళకు ఇవి డబ్బు భద్రంగా ఉంచే నియమాలు. ఇవే మనిషిని కూడా మలుస్తాయని నాకు చాలా ఆలస్యంగా తెలిసింది.

మీటింగునే తీసుకోండి. అంతకుముందు ఆడమనిషి ఇల్లు దాటాలంటే కారణం ఉండాలి. నీళ్ళు, కట్టెలు, కూలి, గుడి, పుట్టిల్లు. ఫలానా తేదీ సాయంత్రం మీటింగు అంటే "పోయొస్తా" అని చెప్పి వెళ్ళడమే, అనుమతి అడగక్కర్లేదు. మొదటి ఆరు నెలలు ఇళ్ళల్లో గొడవలే. ఆ తర్వాత మొగుళ్ళే "ఇయ్యాల మీటింగు లేదా?" అని అడిగేవాళ్ళు. అప్పు వస్తుందనే అడిగారు, నాకు తెలుసు. అయినా ఆ సాయంత్రం ఆమెదైంది.

అప్పు ఇచ్చుకోవడం ఇంకా పెద్ద పాఠం. గ్రూపు దగ్గర 3,000 ఉంది, ముగ్గురు అడుగుతున్నారు. ఒకామెకు బిడ్డ కాన్పు, ఒకామెకు గేదె, ఇంకొకామెకు ఫీజు. ఎవరికి ముందు ఇవ్వాలి? అప్పటిదాకా అడగడమే తప్ప తేల్చే పని చేయని మనుషులు కూర్చుని తేలుస్తారు, "తీర్మానించడమైనది" అని పుస్తకంలో రాసి కింద సంతకాలు పెడతారు. మొదట వేలిముద్రలు, తర్వాత పలక మీద నేర్చుకున్న వంకర అక్షరాలు. ఒకామె సంతకం నేర్చుకున్న వారం రోజులు ఇంటి గోడ మీద, పొయ్యి పక్కన బొగ్గుతో తన పేరు రాసుకుంది. నేను వెళ్ళేసరికి గోడంతా ఆమే.

నాకు కళ్ళలో మెదిలే దృశ్యం ఒకటుంది. మండలంలోని గ్రామ సంఘాలన్నీ కలిసే మండల సమాఖ్య మీటింగు ఒకదానిలో దీపం వెలిగించమని అధ్యక్షురాలిని పిలిచారు. ఆమె భర్త పోయిన మనిషి. చేతిలోకి అగ్గిపెట్టె తీసుకుని అక్కడే ఆగిపోయింది. శుభకార్యంలో ముందు నిలబడకూడదని పాతికేళ్ళుగా నేర్చుకున్న ఒళ్ళు అది. ముందు వరుసలోంచి ఒక ముసలామె లేచి, "నువ్వు లీడరువి, ఎలిగించమ్మా" అంది. వెలిగించింది. భర్త పోయినప్పుడు ఆచారం ఆమెను పక్కకు నిలబెట్టింది, సమాఖ్య పిలిచి ముందు నిలబెట్టింది. ఆ అరనిమిషంలో రెండూ ఆమె ఒంట్లోనే పెనుగులాడాయి. మీ అమ్మగారు నాన్నగారు పోయాక కూడా మీటింగులకు వెళ్ళారని రాశారు. ఆ రోజుల్లో ఆమెను నిలబెట్టింది ఏమిటో మీరు ఊహించుకోవచ్చు.

ఒక్కొక్కరు "మేము" ఎలా అయ్యారు

మీరు నెల్లూరు దగ్గర పుట్టి ఉంటే సారా ఉద్యమం గురించి వినే ఉంటారు. రాత్రిబడుల్లో చదివే వాచకంలో సారా వల్ల సంసారం చెడిన పాఠం ఒకటి ఉండేది. అక్షరాలు కూడబలుక్కుంటూ చదివిన ఆడవాళ్ళు పాఠం ఆపి, "ఇది మా కథే" అని మాట్లాడుకోవడం మొదలుపెట్టారు. కలిగిరి మండలం దూబగుంటలో ఆడవాళ్ళు సారా బండిని ఊళ్ళోకి రానివ్వలేదు. ఆ ఊరి రోశమ్మగారి పేరు అప్పుడే రాష్ట్రమంతా తెలిసింది. ఊరి నుంచి ఊరికి పాకి, 1993 అక్టోబర్ 1 నుంచి రాష్ట్రమంతా సారా నిషేధం అయింది. 1995లో పూర్తి మద్యనిషేధం వచ్చింది, 1997లో ఎత్తేశారు. అది వేరే దుఃఖం.

సారా దుకాణం దగ్గర కూర్చున్న ఆడవాళ్ళు తర్వాత రోజుకో రూపాయి దాచుకునే గ్రూపులయ్యారు. నెల్లూరులో దాన్ని పొదుపులక్ష్మి అన్నారు. తాగుడుకు పోయే రూపాయి మిగిలింది, దాన్ని ఎక్కడ దాచాలి అన్న మామూలు ప్రశ్నే మొదలు. అంతకుముందు తాగుబోతు మొగుడు ఎవరి ఇంట్లో ఉంటే వాళ్ళ ఖర్మ. అది అందరి సమస్య అని తెలిశాక "మేము" అన్న మాట నోట్లోకి వచ్చింది.

ఇంకో సంగతి. డ్వాక్రా అనేది పల్లె ఆడవాళ్ళ గ్రూపుల కోసం పెట్టిన కేంద్ర ప్రభుత్వ పథకం పేరు. 1982-83లో మొదలైంది, 1999 ఏప్రిల్‌లో వేరే పథకంలో కలిపేశారు. కాగితం మీద డ్వాక్రా పోయి పాతికేళ్ళు దాటింది. వెలుగు అన్నారు, ఇందిర క్రాంతి పథం అన్నారు, ఇంకా ఏవేవో బోర్డులు మారాయి. ఈరోజుకీ ఆంధ్రలోనూ తెలంగాణలోనూ ఏ పల్లెలో అడిగినా "నేను డ్వాక్రా మహిళని" అంటారు. పథకం పోయినా పేరు మనుషుల్లో ఉండిపోయింది. రాజకీయ పార్టీలు కూడా ఆ పేరుతోనే పిలిచి ఓట్లు అడుగుతాయి, రుణమాఫీ అంటాయి. దాంతో ఒక బలం వచ్చింది, ఒక ఇబ్బంది కూడా వచ్చింది. హక్కుగా నిలదీసిన ఆడవాళ్ళను లబ్ధిదారులుగా మాట్లాడటం నాకు ఎప్పుడూ నచ్చలేదు. మీటింగుకు జనం కావాలంటే గ్రూపుల్ని బస్సెక్కించడం మొదలయ్యాక, "రాకపోతే లోను రాదేమో" అన్న భయం చూశాను. "మేము" అన్న మాట బయటివాళ్ళ చేతికి చిక్కితే ఇలాగే అవుతుంది.

సంఘం పాతవాటిని తుడిచేయదు

ఇది చెప్పకపోతే నా జవాబు సగమే అవుతుంది. గ్రూపుల పేర్లు చూడండి. శ్రీలక్ష్మి గ్రూపు, అంబేద్కర్ గ్రూపు, మదర్ థెరిసా గ్రూపు, ఝాన్సీ గ్రూపు. లిస్టు చదువుతుంటే ఏది ఏ వీధిదో నాకు సగం తెలిసిపోయేది. పక్కపక్క ఇళ్ళవాళ్ళు గ్రూపు కడితే మంచిదని మేమే చెప్పాం, రోజూ ఒకరినొకరు చూసుకుంటారని. మన ఊళ్ళల్లో పక్కపక్క ఇళ్ళంటే ఒకే కులం. అలా కొత్త సంఘాన్ని పాత వీధుల్లోనే పోశాం.

గ్రామ సంఘంలో అన్ని వీధుల గ్రూపులూ కలవాల్సి వచ్చినప్పుడు అసలు పరీక్ష. మీటింగు రామాలయంలోనా, బడి వరండాలోనా? ఒక ఊళ్ళో మూడు నెలలు దీనిమీదే ఆగింది. చివరికి బడి వరండా. మొదటి మీటింగులో పట్టాలు రెండు పరిచారు, ఎవరూ చెప్పకుండానే రెండు పట్టాల మీద వేర్వేరుగా కూర్చున్నారు. ఏడాది తర్వాత ఎస్సీ కాలనీ ఆమె కోశాధికారి అయింది. చెక్కు మీద ఆమె సంతకం లేకపోతే ఎవరికీ డబ్బు రాదు. అప్పుడు ఆమె ఇంటికి వెళ్ళక తప్పలేదు, గుమ్మంలో మంచం మీద కూర్చోక తప్పలేదు. మనసులు మారాయా అంటే నేను ప్రమాణం చేయలేను. నడక మారింది, కూర్చునే చోటు మారింది. ఆ ఇంట్లో పెరిగిన పిల్లలు తమ అమ్మ దగ్గరికి ఊరంతా రావడం చూశారు. ఆ పిల్లలు తమను తాము చూసుకునే తీరు వేరేగా ఉంటుంది, అది మాత్రం గట్టిగా చెప్పగలను.

గ్రూపు గాయం కూడా చేస్తుంది

అప్పుకు గ్రూపంతా జవాబుదారీ. ఒకామె కట్టకపోతే అందరికీ లోను ఆగుతుంది, గ్రేడు పడిపోతుంది. "మాది A గ్రేడు గ్రూపు" అన్న గర్వం ఎంత ఉండేదో, దాన్ని పోగొట్టిన మనిషి మీద కోపం అంత ఉండేది. ఒక గ్రూపులో ఒకామె భర్తకు కిడ్నీలు పాడయ్యాయి. నాలుగు కిస్తీలు ఆగాయి. మిగతా తొమ్మిదిమంది వెళ్ళి ఆమె ఇంటిముందు కూర్చున్నారు. మంచివాళ్ళే, నాకు అందరూ తెలిసినవాళ్ళే. ఆమె నెల రోజులు బయటికి రాలేదు. "లీడరు" అన్న పేరు ఎలా అతుక్కుంటుందో "ఎగ్గొట్టినామె" అన్న పేరూ అలాగే అతుక్కుంటుంది.

ఆరోజు సీసీగా నేను వసూలు గురించే ఆలోచించాను. ఆమె ఇంటికి ఒక్కసారి ఒంటరిగా వెళ్ళి ఉంటే బాగుండేది. ఆ తప్పు నాకు ఇప్పటికీ నొప్పిగా ఉంది. 2010 నాటికి చిన్న అప్పులిచ్చే ప్రైవేటు మైక్రోఫైనాన్స్ కంపెనీలు ఇదే పద్ధతిని వారం వారం వసూళ్ళకు వాడాయి. మన రాష్ట్రంలో పరిస్థితి ఎంత చేయి దాటిందంటే ఆ ఏడాది అక్టోబర్‌లో ప్రభుత్వం ఆర్డినెన్స్ తేవాల్సి వచ్చింది. ఆడవాళ్ళు ఒకరికొకరు ఇచ్చుకున్న మాటను తాకట్టు సరుకుగా చూస్తే అంతే.

అందరూ మారారని కూడా అనుకోకండి. ఇరవై ఏళ్ళు గ్రూపులో ఉండి, సంతకం పెట్టి డబ్బు భర్త చేతిలో పెట్టి, అంతటితో ఆగినవాళ్ళు చాలామంది ఉన్నారు. డబ్బు లెక్క ఇంట్లో చెప్పగలిగిన ఆమెకీ, సంతకానికే పరిమితమైన ఆమెకీ చాలా తేడా ఉండేది.

ఇక మీ అమ్మగారి సంగతి

మీకు కష్టంగా అనిపించినా ఒక మాట. 22 ఏళ్ళు ఒక్కరే లీడరుగా ఉండటం మంచి పద్ధతి కాదు. తప్పు మీ అమ్మగారిది అనను, "నువ్వుంటే మాకు టెన్షన్ లేదక్కా" అని మిగతావాళ్ళే వదిలేసి ఉంటారు. ఆ తొమ్మిదిమందిలో బ్యాంకు మేనేజరు ముందు కూర్చోవాల్సిన వాళ్ళు, తీర్మానం చదవాల్సిన వాళ్ళు ఉన్నారు. వాళ్ళ వంతు ఇప్పుడొచ్చింది. కాబట్టి ఊరివాళ్ళతో మాట్లాడి మళ్ళీ లీడర్ని చేయించాలని చూడకండి. మీరు రాసినదాంట్లో ఆ ఆలోచన కనిపించింది.

నేను చూసిన ఒక కేసు చెబుతాను. ఇలాగే పదవి దిగిన ఒక గ్రామ సంఘం అధ్యక్షురాలు ఆరు నెలలు మంచం పట్టినంత పని చేసింది. అప్పట్లో ఉత్తర భారత రాష్ట్రాల్లో కొత్తగా గ్రూపులు కట్టడానికి మన అనుభవం ఉన్న సభ్యుల్ని సీఆర్పీలుగా, అంటే దగ్గరుండి నేర్పేవాళ్ళుగా పంపుతున్నారు. హిందీ ముక్క రాదు, రైలు ఎక్కింది లేదు. పంపాం. నెలన్నర ఒక పల్లెలో ఉండి, కొంగు ముఖం దాకా కప్పుకున్న ఆడవాళ్ళ మధ్య కూర్చుని, చేతి సైగలతో, పాటలతో గ్రూపులు కట్టించింది. తిరిగొచ్చాక నాతో అన్న మాట, "అక్కా, వాళ్ళు కూడా మొగుడి పేరు చెప్పట్లేదు." మొదటి రోజుల మనల్నే ఆమె అక్కడ చూసుకుంది. ఆ తర్వాత పదవి గురించి నా దగ్గర ఎప్పుడూ ఎత్తలేదు.

మీ అమ్మగారిని రైలెక్కించమని అనడం లేదు. మీ చేతిలో ఉన్నవి ఇవి:

ఆమె ఇంకా గ్రూపు సభ్యురాలే అయితే మీటింగు మానిపించకండి. నెలకోసారి ఊరికి పంపండి. పొదుపు ఫోన్‌లో మీరు వేసేయకండి. ఆమె వెళ్ళి, హాజరు పలికి, చేత్తో కట్టి రావాలి. రెండు మూడు రోజులు అక్కడే ఉండనివ్వండి.

"నీకెందుకమ్మా, రెస్ట్ తీసుకో" అనడం ఆపండి. ప్రేమతోనే అంటారు, నా పిల్లలూ అంటారు. ఆమె చెవికి అది "నీతో పని లేదు" అని వినపడుతుంది. మీ ఇంటి నెల లెక్క నిజంగా ఆమె చేతికి ఇవ్వండి. ఊరికే కాలక్షేపానికి కాకుండా, ఖర్చు ఎక్కడ తగ్గించాలో ఆమె చెబితే మీరు వినేలా ఇవ్వండి. గ్రూపుకు బ్యాంకు ఇచ్చే లింకేజీ అప్పు లక్షల్లో తిప్పిన మనిషి ఆమె.

పట్టణాల్లో పేదరికం తగ్గించే పని చూసే ప్రభుత్వ సంస్థ మెప్మా కింద గ్రూపులు ఉంటాయి. మీ వార్డులో సభ్యత్వం దొరుకుతుందో లేదో చిరునామా మీద ఆధారపడుతుంది, కనుక్కోండి. దొరక్కపోయినా మీ అపార్ట్‌మెంట్‌లో పనిచేసే వాచ్‌మెన్ భార్యలు, ఇళ్ళల్లో పనిచేసే ఆడవాళ్ళు ఉంటారు. వాళ్ళు చీటీల్లో మోసపోవడం, నూటికి పది వడ్డీ కట్టడం మీ అమ్మగారికి రెండు రోజుల్లో కళ్ళకు కనిపిస్తుంది. ఆమె మాట్లాడితే అడ్డుపడకండి, "వాళ్ళతో మనకెందుకు" అనకండి. ఆ మాటతో పాత వీధులు మళ్ళీ మీ ఫ్లాట్‌లోకి వచ్చేస్తాయి.

ఇరుగుపొరుగుకు ఆమెను పేరుతో పరిచయం చేయండి. "మా అమ్మ" అని ఆగకుండా, పేరు చెప్పి, "మా ఊళ్ళో గ్రామ సంఘం అధ్యక్షురాలిగా చేసింది" అనండి. మీరు ఇప్పటిదాకా అలా ఎవరికైనా చెప్పారా?

ఇంకొకటి. గ్రూపు మొదటి మినిట్స్ పుస్తకం చాలా ఊళ్ళల్లో పాత లీడరు ట్రంకు పెట్టెలోనే ఉండిపోతుంది. ఈసారి ఊరెళ్ళినప్పుడు మీరూ వెంట వెళ్ళి దాన్ని తీయించండి. మొదటి పేజీలో ఆమెది వేలిముద్ర ఉందో, సంతకం ఉందో చూడండి. పక్కన కూర్చుని ఆ పది పేర్లూ ఎవరెవరివో ఆమెతోనే చెప్పించుకోండి. గ్రూపు పేరు ఏం పెట్టుకున్నారో, ఎందుకు పెట్టుకున్నారో అడిగి ఇక్కడ రాస్తే నాకూ తెలుసుకోవాలని ఉంది.